వంజరం ఉంది కానీ తినొద్దంది: ఈ మెస్సుకి మామగారిని తీసుకెళ్ళొచ్చా?

ఓఎమ్ఆర్_ఆకలి
చెన్నై కొట్టివాక్కంలో కుప్పం (జాలర్ల పేట) వైపు దిగే సందులో ఒక చేపల మెస్సు ఉంది. పేరంటూ లేదు. రేకు బోర్డు మీద తమిళంలో 'మీన్ సాప్పాడు' అని రాసుంటుంది, అంతే. నాలుగు బల్లలు, మూడు ఫ్యాన్లు, వాటిలో ఒకటి తిరగదు. లోపలికి వెళ్ళగానే గడప పక్కన పెద్ద స్టీలు పళ్ళెంలో మసాలా పట్టించిన చేపలు పేర్చి ఉంటాయి. మనం వేలు పెట్టి చూపిస్తే ఆ ముక్క పెనం మీదకి వెళ్తుంది. ఏడాదిగా నెలకి రెండు మూడు సార్లు వెళ్తున్నాను.

మొన్న మంగళవారం ఆఫీసులో ఇద్దరిని వెంటేసుకెళ్ళాను. మనకి తెలిసిన చోటు కదా అని కాస్త గొప్పగానే వెళ్ళి, "అక్కా, మూడు వంజరం" అన్నాను. పళ్ళెంలో వంజరం ముక్కలు కళ్ళెదురుగా ఉన్నాయి. ఆవిడ పెనం మీంచి తల కూడా ఎత్తకుండా "ఇరుక్కు. ఆనా అదు వేణాం సార్, సంకరా సాప్పుడుంగ" అంది. ఉంది, కానీ అది వద్దు, సంకరా తినండి అని. నేను మళ్ళీ అడిగితే అసలు జవాబే లేదు, మూడు సంకరాలు పెనం మీద పడిపోయాయి. మా వాళ్ళిద్దరూ ఒకటే నవ్వు.

సంకరా అద్భుతంగా ఉంది, అది వేరే విషయం. కానీ డబ్బులిచ్చే వాడికి ఏం తినాలో చెప్పడం ఏమిటి? ఇక్కడ మెస్సుల్లో ఇది మామూలేనా?

అసలు టెన్షన్ ఇంకొకటుంది. వచ్చే ఆదివారం మా మామగారు నరసాపురం నుంచి వస్తున్నారు. చేప విషయంలో ఆయనతో మాట్లాడటమంటే పరీక్ష రాయడమే. నేనేమో ఈ మెస్సుకి తీసుకెళ్దామంటున్నాను. మా ఆవిడ "నాన్నని ఆ రేకుల షెడ్డుకా?" అంటోంది. ఏసీ హోటల్లో టేబుల్ బుక్ చేయమంటోంది. ఏం చేయమంటారు?

తాంబరం_లోకల్
ఆవిడ కాళ్ళకి దణ్ణం పెట్టి అదే మెస్సుకి వెళ్ళండి. ఉన్న సరుకుని వద్దని చెప్పే హోటల్ నేను జన్మలో చూడలేదు.

పెనం_మీద_చేప
ఏసీ హోటల్లో అయితే "సర్, టుడేస్ స్పెషల్" అని ఆ వంజరాన్నే మీకు అంటగట్టేవాళ్ళు.

నెల్లూరోడు_44
ఆకలి గారూ, మీరు వెళ్ళింది మే నెలలో. అసలు సంగతంతా అక్కడే ఉంది. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా తూర్పు తీరమంతా వేట నిషేధం. చేపలు గుడ్లు పెట్టే కాలం అని ఈ 61 రోజులు మర పడవల్ని, ట్రాలర్లని సముద్రంలోకి వెళ్ళనివ్వరు. ఒకప్పుడు 45 రోజులే ఉండేది, తమిళనాడులో 2017 నుంచి 61 చేశారు. మన ఆంధ్రాలోనూ ఇవే తేదీలు. ఇప్పుడు కాశిమేడు హార్బర్‌కి వెళ్ళి చూడండి, లాంచీలన్నీ పక్కపక్కన కట్టేసి ఉంటాయి. వలలు బాగుచేసుకునే వాళ్ళు, రంగులేసుకునే వాళ్ళు తప్ప ఎవరూ కనపడరు.

మరి మార్కెట్లో వంజరం ఎక్కడిది? చాలావరకు కేరళ, మంగుళూరు వైపు నుంచి ఐసులో లారీ మీద వస్తుంది. అక్కడి నిషేధం జూన్‌లో మొదలై జులై 31 దాకా ఉంటుంది కాబట్టి ఏప్రిల్, మే నెలల్లో వాళ్ళకి వేట ఉంటుంది. అక్కడ పట్టి, ఐసు పెట్టి, లారీ ఎక్కించి, ఇక్కడ మార్కెట్లో దించి, మెస్సు దాకా వచ్చేసరికి ఎన్ని రోజులవుతుందో మీరే లెక్కేసుకోండి. పాడయిందని కాదు. కానీ ఆ ముక్కలో రుచి ఉండదు, పీచు పీచుగా ఉంటుంది.

చిన్న ఫైబర్ పడవలు మాత్రం ఈ రెండు నెలలూ వెళ్తాయి. కొట్టివాక్కం, పాలవాక్కం కుప్పాల వాళ్ళు తెల్లారకముందే వెళ్ళి ఎండెక్కే లోపు ఒడ్డుకి వచ్చేస్తారు. దగ్గర నీళ్ళలో దొరికేవే తెస్తారు: సంకరా, నెత్తిలి, కిళంగా, కానాంగత్త, పీతలు. మీ అక్క మీకు పెట్టింది ఆ ఉదయం చేప. అడిగే వాళ్ళుంటారు కాబట్టి వంజరం పళ్ళెంలో పెట్టుకోక తప్పదు. రెగ్యులర్‌గా వచ్చేవాడికి మాత్రం పెట్టబుద్ధి కాలేదు.

ఓఎమ్ఆర్_ఆకలి
ఇదెవరూ చెప్పలేదే! అంటే నన్ను రెగ్యులర్ కింద లెక్కేసిందన్నమాట. అవమానం అనుకున్నాను.

తాంబరం_లోకల్
ఈసారి వెళ్ళినప్పుడు కూడా వంజరం అడగండి. "మీ ఇష్టం" అని పెట్టేస్తే మీ పని అయిపోయినట్టే.

వైజాగ్_బీచ్‌రోడ్డు
నెల్లూరోడు గారి మాటల్లో చిన్న సవరణ. ఫైబర్ పడవకి కూడా వంజరం పడుతుంది. గాలం వేసే వాళ్ళు, పెద్ద కన్నుల వల వేసే వాళ్ళు తెస్తారు. మా విశాఖలో కోనెం అని అదే చేప. కాకపోతే దొరికిన ఒకటీ రెండూ ఒడ్డు మీదే వేలంలో ఎగిరిపోతాయి, మెస్సు దాకా రావు.

నెల్లూరోడు_44
ఒప్పుకుంటున్నాను. మెస్సు రేటుకి రావు అనాల్సింది.

సాలిగ్రామం_సుజాత
నేను మీ ఆవిడ పక్షం. అందరూ రేకుల షెడ్డు, అరిటాకు అని మురిసిపోతున్నారు గానీ పెద్దవాళ్ళని తీసుకెళ్ళేటప్పుడు చూడాల్సినవి వేరే ఉంటాయి. కూర్చోవడానికి వీపు ఆనే కుర్చీ ఉందా? బాత్రూమ్ ఉందా? మే నెల ఎండలో మధ్యాహ్నం ఒంటిగంటకి ఫ్యాన్ కింద చేపల పులుసు తింటే ఎలా ఉంటుందో మగాళ్ళకి తెలీదా? పోయినేడు మా అత్తగారిని ఇలాగే "చాలా ఫేమస్" అని ఒక చోటుకి తీసుకెళ్ళారు మా వారు. అంతకుముందు రోజు నూనెలోనే మళ్ళీ వేయించినట్టున్నారు, రొయ్యలు నల్లగా వచ్చాయి. ఆ రాత్రంతా ఆవిడకి వాంతులు. రెండు రోజులు నేను సెలవు పెట్టుకుని కూర్చున్నాను. మా వారు మాత్రం ఇప్పటికీ "టేస్ట్ బావుంది కదా" అంటారు.

పెనం_మీద_చేప
సుజాత గారూ, ఆ మాట నిజమే. కానీ అది షెడ్డు తప్పా, నూనె తప్పా? ఏసీ హోటల్లో నూనె మన కళ్ళకి కనపడదు, ఇక్కడ పెనం మన ముందే ఉంటుంది. నేను కొత్త చోటుకి వెళ్తే ముందు పెనం వైపు చూస్తాను. అడుగున నల్ల మడ్డి గీరకుండా అలాగే వదిలేసి, దాని మీదే కొత్త చేప వేస్తుంటే వచ్చిన దారినే వెనక్కి.

సాలిగ్రామం_సుజాత
అందరూ మీలా పెనం చూసి లోపలికి వెళ్తారా? ఆకలేస్తే వెళ్తారు.

గోదారిగట్టు
ఆయ్, నరసాపురం మామగారంటే మాటలు కాదండీ. మావాళ్ళకి పులుసంటే చింతపండు, పచ్చిమిర్చి, చివర్లో కాస్త బెల్లం ముక్క. అక్కడేమో కొబ్బరి రుబ్బి పోస్తారు, సాంబారు పొడి లాంటిదేదో వేస్తారు. మొదటి ముద్దకే మీ మామగారు ఆకు మడిచేస్తారు. పైగా సముద్రం చేప! గోదారి చేప తిన్న నోటికి ఉప్పునీటి చేప ఎక్కదండీ. పుస్తెలమ్మైనా పులస తినాలన్నారు గానీ సంకరా తినాలన్నారా ఎవరైనా?

అంబత్తూరు_అల్లుడు
పుస్తెలు అమ్మేది కూతురివా, అత్తగారివా? ముందు అది తేల్చుకుని వెళ్ళండి.

వైజాగ్_బీచ్‌రోడ్డు
గోదారిగట్టు గారూ, నరసాపురం వాళ్ళకి సముద్రం తెలియదంటారేమిటి? వశిష్ఠ వెళ్ళి సముద్రంలో కలిసేది ఆ పక్కనే కదా. అవతల అంతర్వేది. అక్కడి సంతలో ఏటి చేప, సముద్రం చేప రెండూ పక్కపక్కనే అమ్ముతారు. అసలు మీ పులస మాత్రం ఎక్కడి నుంచి వస్తుంది? సముద్రం నుంచే. ఉప్పునీళ్ళలో ఉన్నంతసేపూ విలస, వరదల్లో గోదారికి ఎదురీదాక పులస. మీరు మురిసిపోయేది మా చేపనే, అడ్రస్ మారాక.

గోదారిగట్టు
అడ్రస్‌లోనే ఉందండీ మొత్తం రుచి.

పప్పుచారు_ప్రియ
నేను ఇడ్లీల చర్చాదారం అనుకుని తప్పిపోయి వచ్చాను. శాకాహారిని. కానీ నిన్నటి నుంచి చదువుతూనే ఉన్నాను, ఎందుకో తెలియదు.

తాంబరం_లోకల్
ప్రియ గారూ, మీరు సరైన చోటికే వచ్చారు. ఇడ్లీలోకి నిన్నటి చేపల పులుసు అనేది చెన్నైలో ఒక మతం.

పప్పుచారు_ప్రియ
ఇడ్లీని కూడా వదల్లేదా!

నెల్లూరోడు_44
తాంబరం గారు నవ్వుతూ అన్నా అది నూటికి నూరుపాళ్ళు నిజం. మా ఇంట్లో రాత్రి చేసిన పులుసు రాత్రి తినం, అమ్మ తిననివ్వదు. మట్టిచట్టిలో పొయ్యి మీదే మూత పెట్టి ఉంచుతుంది. పొద్దుటికి చింతపండు పులుపు ముక్క లోపలికి దిగుతుంది, నూనె పైకి తేలి ఎర్రగా అద్దంలా నిలుస్తుంది. మామిడికాయ ముక్క అప్పటికి మెత్తబడి వేలితో నొక్కితే గుజ్జయిపోతుంది. ఆ గుజ్జూ ఆ నూనే వేడి ఇడ్లీ మీద పడాలి. గరిటె మాత్రం పెట్టకూడదు. చట్టిని రెండు చేతులతో పట్టుకుని తిప్పాలి, లేకపోతే ముక్క విరిగిపోతుంది. మా ఇంట్లో ఈ మాట వినకుండా గరిటె పెట్టిన కొత్త కోడలి కథ పదిహేనేళ్ళయినా ఇంకా చెప్పుకుంటారు. (ఆ కోడలు నా భార్యే. ఈ చర్చ ఆవిడ చదవదు.)

గోదారిగట్టు గారూ, చెన్నై మెస్సుల్లో అన్నిట్లో కొబ్బరి ఉండదు. కొన్నిచోట్ల రుబ్బి పోస్తారు, కుప్పం వైపు మెస్సుల్లో చాలావరకు చింతపండు, టమాటా, మిరప్పొడి మీదే నడుపుతారు. తింటే మన నెల్లూరు పులుసుకి పిన్ని కూతురిలా ఉంటుంది.

ఓఎమ్ఆర్_ఆకలి
మా అక్క మెస్సులో కొబ్బరి లేదు, గ్యారంటీ. అయినా ఆవిడ పులుసు బక్కెట్లో తెచ్చి పోస్తుంది, అడిగినన్ని సార్లు. చేప పులుసు, పీతల పులుసు, రొయ్యల పులుసు, మూడు బక్కెట్లు. మీల్స్ తీసుకుంటే అన్నీ ఉచితమే, ముక్కకి మాత్రమే వేరే డబ్బులు. మొదటిసారి వెళ్ళినప్పుడు నేను ఆ సంగతి తెలియక పీతల పులుసు వద్దన్నాను, బిల్లు పెరుగుతుందని. పక్కన కూర్చున్న ఆటో డ్రైవర్ నా వైపు జాలిగా చూసి, తన చేత్తో బక్కెట్ నా ఆకు దగ్గరకి జరిపాడు.

మైలాపూర్_మూర్తి
ఎవరూ అడగని సంగతి ఒకటి. 2018లో ఫార్మలిన్ గొడవ గుర్తుందా? చేప కుళ్ళకుండా శవాలకి వాడే మందు కలుపుతున్నారని పేపర్లన్నీ రాశాయి. ఆ తర్వాత నేను రెండేళ్ళు బయట చేప ముట్టలేదు. ఇలాంటి చిన్న మెస్సులో ఎవరు పరీక్ష చేస్తారు?

వైజాగ్_బీచ్‌రోడ్డు
మూర్తి గారూ, ఆ మందు అవసరం ఎవరికి? దూరం నుంచి తెచ్చి, రోజుల తరబడి నిలవ ఉంచేవాడికి. పొద్దున పట్టి మధ్యాహ్నానికి అమ్మేసే చేపకి ఐసు కూడా దండగే. మీ భయం నిజమైతే పేరున్న చేప కంటే పేరు లేని చేపే మేలు. అక్క సంకరా పెట్టడానికి ఇంకో కారణం దొరికింది చూశారా.

మైలాపూర్_మూర్తి
అన్ని మెస్సులూ పొద్దుటి చేపే పెడుతున్నాయని మీరు ఎలా చెప్తారు? ఈ అక్క మంచిదైతే అందరూ మంచివాళ్ళా?

తాంబరం_లోకల్
కాదు. అందుకే కదా ఈ అక్క అడ్రస్ కోసం అందరం కాచుకుని కూర్చున్నాం.

రాయపురం_రమ
పచ్చి చేప అయితే మొప్పలు ఎర్రగా ఉన్నాయా, కన్ను ఉబ్బెత్తుగా ఉందా లోపలికి పోయిందా చూస్తాం, వేలితో నొక్కితే గుంట నిలబడకూడదు. ఇదంతా అందరికీ తెలుసు. వండాక ఎలా తెలుసుకోవాలో చెప్తాను, కాశిమేడు పక్కనే పాతికేళ్ళు కాపురం చేశాను కాబట్టి. తాజా చేపని ముల్లు దగ్గర వేలితో నెడితే పొరలు పొరలుగా, రేకుల్లా విడివడుతుంది. ముల్లు తెల్లగా శుభ్రంగా బయటపడుతుంది. నిలవ చేప రేకుల్లా రాదు, పిండిపిండిగా రాలుతుంది, లేదా ముద్దగా ముల్లుకి అతుక్కుని ఉంటుంది. మసాలా ఎంత దట్టంగా పట్టిస్తే అంత అనుమానించండి. మా వీధి చివర ఒకాయన ఫ్రై మీద కార్న్‌ఫ్లోర్ కంబళి కప్పినట్టు కప్పేవాడు. లోపల చేప ఏ ఊరిదో ఆయనకే తెలియాలి.

ఇంకోటి. సొరపుట్టు (సొరచేప పొడికూర) ఉన్న రోజు వాసన చూడండి. సొర కండలో యూరియా ఉంటుంది, చేప పాతబడితే అది అమోనియాగా మారుతుంది. ముక్కు పుటాలకి తగిలితే వెంటనే తెలిసిపోతుంది. తాజా సొర ఉడకబెట్టి, తోలు తీసి, చేత్తో పొడి చేసి, వెల్లుల్లి, ఉల్లి, పచ్చిమిర్చి బాగా వేయించి కలిపితే దాని ముందు ఏ కీమా పనికిరాదు. నా ఇద్దరు కాన్పులప్పుడు పక్కింటి ఆవిడ పాలసొర తెచ్చి వండి పెట్టింది, పాలు పడతాయని. మా అమ్మ గుంటూరు నుంచి వచ్చి "బాలింతకి సముద్రం చేపా!" అని గగ్గోలు పెట్టింది. మూడో రోజు తనే గిన్నె తీసుకుని పక్కింటికి వెళ్ళింది.

పెనం_మీద_చేప
రమ గారూ, మీరు ఇన్నాళ్ళూ ఏ దారాల్లో దాక్కున్నారు?

రాయపురం_రమ
పిండివంటల దారాల్లో. అక్కడ ఎవరూ గొడవ పడరు.

అంబత్తూరు_అల్లుడు
నా ప్రశ్న సూటిగా. ముల్లు లేని చేప ఏది? మా అబ్బాయికి ఆరేళ్ళు. హోటల్లో ఎప్పుడూ ఫిష్ ఫింగర్సే తింటాడు.

నెల్లూరోడు_44
ఆ ఫింగర్స్ చాలా చోట్ల బాసా అండీ, చెరువులో పెంచి గడ్డకట్టించిన ముక్క. ముల్లూ ఉండదు, వాసనా ఉండదు, చేపా ఉండదు. అబ్బాయికి వంజరం మంచిదే, నడిమి ముల్లు ఒక్కటే ఉంటుంది, కానీ ఈ నెల వద్దు. కిళంగా పెట్టించండి. వేలెడంత సన్నగా ఉంటుంది, మెత్తగా ఉంటుంది. వెన్నుముల్లు లాగేసి మీరే ముక్కలు తుంచి పెట్టాలి. నెత్తిలి అయితే ముల్లుతో సహా కరకరలాడించేయొచ్చు, చిప్స్ అని చెప్పండి.

సాలిగ్రామం_సుజాత
చిప్స్ అని చెప్పి పెట్టడం మా ఇంట్లో ట్రై చేశాం. తల ఉన్న చిప్స్ ఏ పిల్లవాడూ తినడు.

వైజాగ్_బీచ్‌రోడ్డు
నెల్లూరోడు గారు కానాంగత్త అన్నారు కదా, దాని గురించి ఒక మాట చెప్పకపోతే నాకు నిద్ర పట్టదు. మా వైపు కనగుర్త అంటారు. ఇంగ్లీషులో మ్యాకెరల్. దాని శాస్త్రీయ నామం రాస్ట్రెల్లిగర్ కనగుర్తా. అంటే మన తెలుగు పేరే ప్రపంచమంతా వాడుతోంది! పాట్రిక్ రసెల్ అని ఈస్టిండియా కంపెనీ డాక్టర్ ఒకాయన ఉండేవాడు. ఆయన విశాఖపట్నం చేపలు రెండు వందలకి బొమ్మలు వేయించి, ఇక్కడి జాలర్లు ఏ పేరు చెబితే ఆ పేరే రాసుకుని 1803లో పుస్తకం వేశాడు. తర్వాత కువియే అనే ఫ్రెంచి శాస్త్రవేత్త ఆ పేరునే చేపకి ఖాయం చేశాడు. పారిస్‌లో ప్రొఫెసర్ అయినా సరే, ఆ చేపని మా ఒడ్డున అమ్ముకునే మామ్మ పిలిచినట్టే పిలవాలి.

తాంబరం_లోకల్
ఇన్ని రోజులూ దాన్ని మెస్సులో అన్నిటికంటే చవక చేప అని తక్కువగా చూశాను. సారీ సర్.

గోదారిగట్టు
పులసకి ఏ పేరు పెట్టారండీ?

వైజాగ్_బీచ్‌రోడ్డు
ఇలిషా. అది మన పేరు కాదు. బాధపడకండి.

ఓఎమ్ఆర్_ఆకలి
మీరందరూ శాస్త్రం తేల్చేలోపు ఆదివారం వచ్చేస్తుంది. వెళ్ళాలా వద్దా?

రాయపురం_రమ
వెళ్ళండి, ఆదివారం మాత్రం వద్దు. ఆదివారం చెన్నైలో సగం మంది చేప కొంటారు. కాశిమేడులో కాలు పెట్టే చోటుండదు, రేటు పెరుగుతుంది, మెస్సులో నిలబడి ఎదురుచూడాలి. వెనక నిలబడ్డవాడు మీ ఆకు వంకే చూస్తుంటాడు, ముద్ద దిగదు. పెద్దాయన ఉంటే మంగళవారమో శుక్రవారమో తీసుకెళ్ళండి. ఆ రోజుల్లో ఇక్కడ చాలా ఇళ్ళలో నీచు ముట్టరు. జనం ఉండరు, మంచి ముక్కలు మిగులుతాయి, వండే మనిషికి మీతో మాట్లాడే తీరికా ఉంటుంది. పన్నెండున్నరకే వెళ్ళండి. రెండు దాటితే పళ్ళెంలో అన్నిటికంటే చిన్నవే మిగులుతాయి. సుజాత గారు చెప్పిన బాత్రూమ్ సంగతి కూడా నిజమే, మీ ఇల్లు దగ్గరే అయితే ఫర్వాలేదు.

పెనం_మీద_చేప
దీనికంటే పెద్ద కిటుకు ఉంది. పురటాసి! సెప్టెంబర్ మధ్య నుంచి అక్టోబర్ మధ్య దాకా తమిళులు నీచు మానేస్తారు. చేప రేటు పడిపోతుంది. మనకి కార్తీకం వచ్చేదాకా పండగే పండగ.

సాలిగ్రామం_సుజాత
మా వారు పురటాసిలో "మనం తెలుగువాళ్ళం" అంటారు, కార్తీకంలో "మనం ఉండేది చెన్నైలో" అంటారు.

తాంబరం_లోకల్
మీ వారిని ఒకసారి కలవాలండీ.

ఓఎమ్ఆర్_ఆకలి
సరే, మంగళవారం ఖాయం. మా ఆవిడని ఒప్పించాను. షరతు ఏమిటంటే నచ్చకపోతే ఆ రాత్రే ఏసీ హోటల్, బిల్లు నాది.

మైలాపూర్_మూర్తి
రెండు బిల్లులూ మీవే కదా ఎలాగూ.

ఓఎమ్ఆర్_ఆకలి
వెళ్ళొచ్చాం. కొంచెం పెద్ద పోస్టు, క్షమించండి.

పన్నెండుంపావుకి చేరాం. మామయ్యగారు తెల్ల పంచె, ఇస్త్రీ చొక్కా. సందు మొదట్లోనే మా ఆవిడ నా వైపు ఒక చూపు చూసింది. గడపలో స్టీలు పళ్ళెం దగ్గర ఆయన ఆగిపోయారు. కూర్చోరే! వంగి ఒక్కో చేపా చూస్తున్నారు. మసాలా పట్టించాక ఏం తెలుస్తుంది మామయ్యా అన్నాను. ఆయన నాకు జవాబు చెప్పకుండా అక్క వైపు తిరిగి "పచ్చి చేప చూపించమ్మా" అన్నారు, తెలుగులోనే. అక్కకి తెలుగు రాదు, ఈయనకి తమిళం రాదు. నేను మధ్యలో దూరబోతుంటే చేత్తో పక్కకి జరిపేశారు.

ఆవిడ లోపల్నుంచి తట్ట తెచ్చింది. ఈయన ఒక చేప మొప్ప వేలితో ఎత్తి చూసి, "కానాగడత" అన్నారు. ఆవిడ "ఆమా, కానాంగత్త!" అంది. అంతే, ఇద్దరూ చిన్నప్పటి స్నేహితుల్లా మొదలుపెట్టారు. ఆవిడేదో అంటుంది, ఈయన తలూపుతారు. ఈయనేదో అంటారు, ఆవిడ "ఆమా ఆమా" అంటుంది. నెత్తిలి చూపిస్తే ఈయన నెత్తళ్ళు అన్నారు, అదీ కుదిరింది. వవ్వాల్ దగ్గర మాత్రం ఆగింది. ఈయన "చందువ", ఆవిడ "వవ్వాల్", రెండు మూడు సార్లు అనుకుని, చివరికి చేప తోక పట్టుకుని ఒకరికొకరు చూపించుకుని నవ్వుకున్నారు. బీచ్‌రోడ్డు గారూ, మీ ప్రొఫెసర్ కథ ఇంటికొచ్చాక చెప్పాను. "వాళ్ళు ఇప్పుడు కనుక్కున్నారా?" అన్నారు.

తినడం సంగతి. కానాంగత్త రెండు, సంకరా ఒకటి, నెత్తిలి ఒక పళ్ళెం. అన్నం మూడుసార్లు. రమ గారు చెప్పినట్టు ముల్లు దగ్గర రేకులు విడివడ్డాయి, నేను చూపించబోతే "నాకు తెలుసులే" అన్నారు. పీతల పులుసు బక్కెట్ రాగానే ఈసారి నేనే ఆయన ఆకు దగ్గరకి జరిపాను, ఆటో డ్రైవర్‌ని తలుచుకుని. చేపల పులుసు కలుపుకుని మొదటి ముద్ద తిన్నాక చాలాసేపు ఏమీ అనలేదు. నాకు చెమటలు. తిరగని ఫ్యాన్ మా నెత్తి మీదే ఉంది మరి. చివరికి "బెల్లం వెయ్యలేదు" అన్నారు. మళ్ళీ పోయించుకున్నారు.

సుజాత గారూ, మీ మాటా నిజమైంది. కడుక్కోవడానికి బయట డ్రమ్ము, దానిలో చెంబు, అంతే. మా ఆవిడ ఇంటికొచ్చేదాకా ఆ చెంబు గురించే మాట్లాడింది. కానీ నెత్తిలి రెండో పళ్ళెం తెప్పించుకున్నది కూడా తనే.

గోదారిగట్టు
బెల్లం గురించి చెప్పానా లేదా!

నెల్లూరోడు_44
వంజరం అడగలేదా?

ఓఎమ్ఆర్_ఆకలి
అది చెప్పడం మర్చిపోయాను. పళ్ళెంలో ఉంది. ఆయన దాని వైపు వేలు చూపించి మొహం అడ్డంగా ఊపారు. అక్క కూడా అడ్డంగా ఊపింది. వాళ్ళిద్దరి మధ్యా అది ఏకగ్రీవంగా తేలిపోయింది.

ఇప్పుడు కొత్త సమస్య. ఆయన శుక్రవారం వెళ్ళాలి. నిన్న పొద్దున అయిదింటికి నన్ను లేపి కుప్పం ఒడ్డుకి తీసుకెళ్ళారు. అక్కడ ఎవరో పడవాయన దగ్గర కడంబా (స్క్విడ్) కొన్నారు, అక్క చెప్పిందట బావుంటుందని. ఇంటికొచ్చి మా ఆవిడ శుభ్రం చేయబోతే సిరా సంచి పగిలి సింకు, గోడ, తన నైటీ అంతా నలుపు. ఇంట్లో వాతావరణం బాలేదు. అయినా మామయ్యగారు రైలు టిక్కెట్టు రద్దు చేయించేశారు. నిషేధం 14తో అయిపోతుంది కదా, లాంచీలు వెళ్ళొచ్చాక మంచి వంజరం తిని వెళ్తానంటున్నారు.

రాయపురం_రమ
గోడ మీద సిరా ఆరకముందే తడిగుడ్డతో తుడవండి, ఆరితే పోదు. కడంబా తల లాగేటప్పుడు నీళ్ళ గిన్నెలో ముంచి మెల్లగా లాగాలి, సంచి తలతోపాటే వచ్చేస్తుంది.

నెల్లూరోడు_44
15న లాంచీలు వెళ్తాయి గానీ చేప ఆ రోజే రాదండీ. లోతుకి వెళ్ళి తిరిగి రావడానికి ఇంకో నాలుగైదు రోజులు పడుతుంది. మొదటి వారం రేటు కూడా మండిపోతుంది.

ఓఎమ్ఆర్_ఆకలి
ఈ మాట మా మామయ్యగారికి మాత్రం చెప్పకండి.

అంబత్తూరు_అల్లుడు
ఆయనకి ఈ వేదిక లింకు ఇచ్చేశారా లేదా?

ఓఎమ్ఆర్_ఆకలి
మా ఆవిడ ఇచ్చింది. చెంబుకి బదులు.